వన్ మోర్ లేని సినిమా

మా నాయన డ్యూటీ నుంచి ఇంటికొచ్చాడని తలుపు చప్పుడు కంటే ముందు వాసన చెప్పేది. హైపో వాసన. ఫిల్ము కడిగే ల్యాబులో పనిచేసేవాళ్ళ చొక్కాలకు, వేళ్ళకు, చివరికి టిఫిన్ క్యారియర్‌కు కూడా పట్టే పుల్లటి వాసన అది. అమ్మ ఎన్నిసార్లు ఉతికినా పోయేది కాదు. ఈరోజుకీ ఎక్కడైనా పాత ఫోటో స్టూడియో ముందు నుంచి నడిస్తే నాకు మద్రాసు సాలిగ్రామంలో మా వరండా గుర్తొస్తుంది, బావి దగ్గర మోచేతుల దాకా సబ్బు రుద్దుకుంటున్న నాయన గుర్తొస్తాడు.

మా వీధిలో సగం ఇళ్ళు తెలుగువాళ్ళవే. లైట్‌బాయ్‌లు, మేకప్‌వాళ్ళు, కాస్ట్యూమ్స్ కుట్టేవాళ్ళు, డబ్బింగ్ చెప్పేవాళ్ళు. తెలుగు సినిమా ఇంకా పూర్తిగా హైదరాబాదుకు తరలిపోని రోజులు. మాది కర్నూలు దగ్గర, సుంకేసుల పక్క పల్లె. కరువుకు తాళలేక నాయన మద్రాసు బండెక్కాడు. తెలిసినవాళ్ళ సిఫారసుతో ల్యాబులో హెల్పరుగా చేరి, అక్కడే ముప్ఫై ఏళ్ళు పనిచేశాడు.

ఒకసారి సెలవుల్లో నన్ను షూటింగు చూడ్డానికి తీసుకుపోయాడు. హీరోయిన్ మెట్లు దిగి వచ్చి, చేతిలో పళ్ళెం వదిలెయ్యాలి. అంతే షాటు. పళ్ళెం పడింది. డైరెక్టరు "వన్ మోర్!" అన్నాడు. ఆమె మళ్ళీ మెట్లెక్కింది. మళ్ళీ పళ్ళెం, మళ్ళీ వన్ మోర్. పదకొండుసార్లు లెక్కపెట్టాను. నచ్చేదాకా మళ్ళీ మళ్ళీ తియ్యడమే సినిమా అని ఆరోజు నాకు గట్టిగా ముద్రపడిపోయింది. అలా కాని సినిమా ఒకటుందని తెలియడానికి ఇంకో పదేళ్ళు పట్టింది.

1977లో అనుకుంటా, నాకు పదమూడేళ్ళు. మా మేనమామ ఊరి నుంచి వస్తే అందరం కలిసి గిండీ పాముల పార్కుకు వెళ్ళాం. రోములస్ విటేకర్ అనే ఆయన పెట్టిన పార్కు అది. 1972లో గిండీకి వచ్చింది. మా పల్లెలో పామంటే కర్ర తీసుకోవడమే తెలుసు. ఇక్కడేమో గుంటలాంటి ఆవరణలోకి ఒక మనిషి దిగి, నాగుపామును తోకపట్టి ఎత్తి, అందరికీ చూపిస్తూ మాట్లాడుతున్నాడు. నాగుపాము, కట్లపాము, రక్తపింజర, చిన్నపింజర, మనదేశంలో ఎక్కువమందిని చంపేవి ఈ నాలుగే, మిగతా వాటిని చూసి అంత భయపడక్కర్లేదు అని. మా మామ నా చెయ్యి వదల్లేదు.

నాకు ఆ పాముల కంటే ఎక్కువ గుర్తుండిపోయింది అక్కడ తిరుగుతున్న పిల్లలు. నా ఈడువాళ్ళే. పంజరాలు కడుగుతున్నారు, నీళ్ళు పెడుతున్నారు, ఒకడు పుస్తకంలో ఏదో రాసుకుంటున్నాడు. వాళ్ళు జీతగాళ్ళు కాదు, స్కూలు అయ్యాక ఇష్టంతో వచ్చి పనిచేసే వలంటీర్లని బోర్డు దగ్గరున్నాయన చెప్పాడు. ఇంటికొచ్చి నేనూ పోతానన్నాను. అమ్మ ఏడ్చినంత పని చేసింది. నాయన ఒక్కమాట అన్నాడు: "మన ఊర్లో పాము కరిచి పోయినోళ్ళ పేర్లు చెప్పమంటావా?" అంతటితో ఆ మాట అయిపోయింది.

ఆ పార్కులో పదమూడేళ్ళప్పుడే వలంటీరుగా చేరిన ఒక కుర్రాడు తర్వాత మనదేశంలో అడవి సినిమాలు తీసేవాళ్ళలో పెద్దపేరయ్యాడు. శేఖర్ దత్తాత్రి. నేను వెళ్ళిన రోజు నీళ్ళు పెడుతున్నవాళ్ళలో అతనూ ఉండొచ్చు. ఆయనతో నేను ఎన్నడూ మాట్లాడలేదు. కానీ ఒకే ఊళ్ళో, ఒకే వయసులో, ఒకే గేటు దగ్గర నుంచి రెండు దారులు చీలాయన్న ఆలోచన నాకు ఈ అరవై దాటాక కూడా వస్తుంటుంది.

నేను డిగ్రీ పూర్తిచెయ్యకుండానే నాయన దారిలోనే ల్యాబులో చేరాను. కడిగే సెక్షన్ కాదు, నెగటివ్ కటింగ్. ఈ పని గురించి ఇప్పటి పిల్లలకు చెప్పాలి. ఎడిటరు పని అంతా రష్ ప్రింటు, అంటే నెగటివ్ నుంచి తీసిన కాపీ మీద చేస్తాడు. దానికి ఎన్ని గీతలు పడ్డా ఫరవాలేదు. ఆయన ముగించాక, ఫిల్ము అంచున ఉండే నంబర్లు చూసుకుంటూ అసలు నెగటివ్‌ను ఆ లెక్కప్రకారం కత్తిరించి అతకాలి. తెల్లటి నూలు గ్లౌజులు, కత్తెర, ఫిల్ము సిమెంటు. కత్తెర ఒక్క ఫ్రేము అటూ ఇటూ అయితే తిరిగి రాదు. సినిమాకు అసలు ప్రాణం ఆ నెగటివే. తుమ్ము వస్తే ముఖం తిప్పుకుని బయటికి పరిగెత్తేవాళ్ళం.

పెద్ద సినిమాలు 35 ఎంఎం. డాక్యుమెంటరీల వాళ్ళు 16 ఎంఎం తెచ్చేవాళ్ళు. ఫ్రేము చిటికెనవేలి గోరంత. అడుగుకు 40 ఫ్రేములు. అంత చిన్న ఫ్రేములో అతుకు కనబడిపోతుంది కాబట్టి ఏ రోలు, బీ రోలు అని రెండుగా పేర్చి, మధ్యలో నల్ల లీడర్, అంటే బొమ్మలేని నల్ల ఫిల్ము వేసి, చదరంగం గళ్ళలా కట్టాలి. కళ్ళు పీకేసేవి. అందుకే ఆ పని ఎవరూ ఇష్టపడేవాళ్ళు కాదు, కొత్తవాణ్ణి కాబట్టి నాకు వచ్చింది. అదే నా అదృష్టమైంది.

1987లో ఒక కుర్రాడు నాలుగు ఫిల్ము క్యాన్లు పట్టుకుని వచ్చాడు. నెల్లూరు వైపు మనిషి. నాకంటే మూడు నాలుగేళ్ళు చిన్న. సూళ్ళూరుపేట దగ్గర నేలపట్టులో గూడబాతుల మీద సినిమా తీస్తున్నాడు. నేలపట్టు చెరువులో కడప చెట్లుంటాయి, నీళ్ళలో మునిగి ఉన్నా బతికే చెట్లు. వాటిమీద వందల గూళ్ళు. 1976 నుంచి అది పక్షుల రక్షిత కేంద్రం. ఈ అబ్బాయి పెద్ద సంస్థ మనిషేం కాదు. అద్దె కెమెరా, అక్కడా ఇక్కడా అడిగి తెచ్చుకున్న ముడిఫిల్ము, మూడునెలల కష్టం, నాలుగు క్యాన్లు.

వాటిల్లో ఒక రోలు పాడైంది. కడిగే మెషీన్లో ఏదో ఒక రోలరుకు ఇసుకరేణువంత ముక్క అంటుకుని ఉండాలి. మొదటి అడుగు నుంచి చివరిదాకా ఎమల్షన్ మీద, అంటే బొమ్మ పడే పూత మీద నిలువుగా ఒకే గీత. ఆ రోలులోనే ఉంది ఆయన మూడునెలలు ఎదురుచూసిన షాటు: పిల్ల తన తలను తల్లి ముక్కు కింది సంచిలోకి దూర్చి చేపలు తినడం. గీత సరిగ్గా పిల్ల మెడ మీదుగా పోయింది.

పెద్ద సినిమాలకు ఇలా జరిగితే ఏమవుతుందో నాకు తెలుసు. ప్రొడ్యూసరు వచ్చి అరుస్తాడు, మేనేజరు నష్టపరిహారం మాట్లాడతాడు, వారంలో సెట్టు మళ్ళీ వేస్తారు. నేను టెన్షన్‌తో ఆ అబ్బాయి ముందు నిలబడ్డాను. అతను లైట్ టేబుల్ మీద ఆ ఫిల్మును చాలాసేపు చూశాడు. కంటికి పెట్టుకున్న చిన్న భూతద్దం తీసి జేబులో పెట్టుకున్నాడు. "గూళ్ళు ఖాళీ అయిపోయాయన్నా. మళ్ళీ నవంబరుకు వస్తాయి, వానలు బాగా పడి చెరువు నిండితే" అన్నాడు. ఇంకేం అనలేదు. టీ తాగుతావా అని అడిగితే తాగాడు.

రాత్రి నాయనకు చెప్పాను. ఆయన అన్నం కలుపుతూ ఆగిపోయాడు. "హీరో డేట్లు మళ్ళీ తీసుకోవచ్చు రా. పక్షి డేట్లు ఎవురిస్తారు?" అన్నాడు. ఆ ఇరవై నాలుగు గంటలూ నాయన ఎవరితోనూ సరిగా మాట్లాడలేదు. తను కడగని రోలే అయినా తన చేతిమీదే గీత పడినట్టు ఉన్నాడు.

ఆ ఏడాది చివర వానలు పడ్డాయి. నేను వారం సెలవు పెట్టి నేలపట్టు వెళ్ళాను. ఎందుకు వెళ్ళానని అడిగితే ఆ గీత పడ్డ అపరాధమే అని చెప్పాలి. గిండీలో మామ వదలని చెయ్యి కూడా ఒక కారణమే.

గట్టు మీద, గూళ్ళకు ఎదురుగా తాటాకులతో, గోనెసంచులతో చిన్న గుడిసె. దానిలోపల కెమెరా స్టాండు, రెండు పీటలు, నీళ్ళ కూజా. అక్కడి యానాది తాత ఒకాయన దాన్ని కట్టిపెట్టాడు. నెలరోజుల ముందే కట్టాలంట, ఒక్కరోజులో కట్టకూడదంట. మొదట దూరంగా నాలుగు కర్రలు పాతి వదిలేశాడు. పక్షులు వాటికి అలవాటు పడ్డాక కొంచెం ముందుకు జరిపాడు. తర్వాత గోనె కప్పాడు. అలా వారానికి కొంత జరుపుకుంటూ వచ్చాడు. మేము లోపలికి వెళ్ళేటప్పుడు ముగ్గురం వెళ్ళేవాళ్ళం, తాత ఒక్కడే బయటికి వచ్చి గట్టు వెంట నడిచి వెళ్ళిపోయేవాడు. మనుషులు పోయారని పక్షులు నమ్మాలి. చీకటితో లోపలికి, చీకటి పడ్డాక బయటికి.

ఆ వాసన గురించి ఎవరూ సినిమాల్లో చెప్పరు. కుళ్ళిన చేప, రెట్ట, చెరువు బురద కలిసిన ఘాటు. మొదటిరోజు కళ్ళు మండాయి. రెట్ట కలిసిన ఆ నీళ్ళు పొలాలకు మంచివని ఊరివాళ్ళు అంటారు, అందుకే పక్షుల జోలికి ఎవర్నీ పోనివ్వరు. చప్పుడు కూడా చెప్పాలి. పెద్ద గూడబాతు దాదాపు మూగది. కానీ పిల్లలు వందలకొద్దీ ఒకేసారి గొంతెత్తితే పందులమందో, మేకలమందో తెలియదు.

రోలు మార్చే పని ఒకటుంది. నల్లటి గుడ్డసంచి, రెండు చేతులకు రెండు సాగే రంధ్రాలు. కెమెరాకు తగిలించే ఫిల్ము పెట్టె మాగజీనును, కొత్త రోలును లోపల పెట్టి, జిప్పు వేసి, చేతులు దూర్చి, గుడ్డిగా ఎక్కించాలి. బయట ఎండ, సంచిలో ఉక్క. చెమట బొట్టు ఒక్కటి ఫిల్ము మీద పడినా మచ్చే. ఆ అబ్బాయి కళ్ళు మూసుకుని ఎక్కించేవాడు. వేళ్ళు లోపల కదులుతుంటే సంచి చిన్న జంతువులా ఊపిరి తీసినట్టు ఉండేది. నేను ల్యాబు చీకట్లో పెరిగినవాణ్ణి, ఆ చీకటి నాకు తెలుసు. మూడోరోజు నుంచి ఆ పని నాకిచ్చాడు. నా జీవితంలో నాకు దక్కిన పెద్ద గౌరవాల్లో అదొకటి.

వంద అడుగుల రోలు. 24 ఫ్రేముల లెక్కన రెండు నిమిషాల నలభై ఆరు సెకన్లు. అంతే. ముందే బటన్ నొక్కితే పక్షి తలతిప్పేసరికి ఫిల్ము అయిపోతుంది. లేటుగా నొక్కితే జరిగేది జరిగిపోయి ఉంటుంది. సెట్టులో అయితే "స్టార్ట్ కెమెరా" అంటారు. ఇక్కడ ఎవరు చెబుతారు? తల్లి మెడ కదిలే తీరు, పిల్ల రెక్కలు కొట్టుకునే వేగం, గాలి దిక్కు, ఇవన్నీ చూసి తనే నిర్ణయించుకోవాలి. ఐదురోజులు పొద్దున ఆరు నుంచి సాయంత్రం ఆరు దాకా కూర్చుని మేము తీసింది మొత్తం నాలుగు నిమిషాలు లేదు.

ఆరో రోజు తొమ్మిదిన్నర ప్రాంతంలో వచ్చింది. పెద్దపక్షి పులికాట్ సరస్సు వైపు నుంచి వచ్చి గూటిమీద వాలింది. నా మోచెయ్యి ఆ అబ్బాయి మోచేతికి ఆనుకుని ఉంది కాబట్టి అతను నొక్కబోతున్నాడని కెమెరా చప్పుడు కంటే ముందే నాకు తెలిసింది. పిల్ల తల, మెడ, భుజాల దాకా తల్లి సంచిలోకి వెళ్ళిపోయింది. బయటినుంచి చూస్తే సంచి చర్మం సాగి, లోపల పిల్ల ముక్కు అటూ ఇటూ తిరగడం కనబడుతోంది. తల్లి ఆ బరువుకు కాళ్ళు ఎడం చేసి నిలబడింది, కళ్ళు సగం మూసింది. పిల్ల తల బయటికి తీసి, మత్తు ఎక్కినట్టు గూట్లో కూలబడిపోయింది. కెమెరా ఆగింది. ఇద్దరం ఊపిరి వదిలాం. "వచ్చిందా?" అని గుసగుసగా అడిగాను. "తెలీదన్నా. మీ ల్యాబు చెప్పాలి" అన్నాడు.

ఆ రోలును నాయనే కడిగాడు. మిగతా పనులన్నీ పక్కనబెట్టి, రోలర్లన్నీ ఒక్కొక్కటీ గుడ్డతో తుడిచి, కడిగి, ఆరబెట్టే బీరువా దగ్గర అది పూర్తిగా బయటికి వచ్చేదాకా నిలబడ్డాడు. గీత లేదు.

అప్పట్నుంచి అడవి సినిమా ఎవరిదైనా నా బల్లమీదికి వస్తే, ఎవరైనా ఎక్కడైనా వేస్తున్నారంటే వెళ్ళి చూడటం నాకు అలవాటైంది. శేఖర్ దత్తాత్రి పేరు నేను మొదట విన్నది ఈ నెల్లూరు అబ్బాయి నోటనే. జంతుశాస్త్రం చదివి, అమెరికా నుంచి వచ్చిన జాన్, లూయీజ్ రైబర్ అనే దంపతులు పాముకాటు మీద సినిమా తీస్తుంటే వాళ్ళకు సాయంగా చేరి, ఆ పనిలోనే కెమెరా నేర్చుకున్నాడని చెప్పాడు. 1987లో దత్తాత్రి తనే ఒక సినిమా తీశాడు, ఇరుళర్ల పాముల సహకార సంఘం మీద. దానికి జాతీయ అవార్డు వచ్చింది.

ఆ సంఘం కథ తెలిస్తే ఆ సినిమా ఎందుకు ముఖ్యమో అర్థమవుతుంది. ఇరుళర్లు తమిళనాడులో తరతరాలుగా పాములు పట్టే గిరిజనులు, నెల్లూరు యానాదుల్లాగే నేలమీద జాడ చూసి ఏ బొరియలో ఏముందో చెప్పగలవాళ్ళు. పాముచర్మాల వ్యాపారం మీద బతికేవాళ్ళు. 1972 వన్యప్రాణి చట్టం, ఆ తర్వాత చర్మాల ఎగుమతి నిషేధం వచ్చాక ఒక్కసారిగా బతుకుతెరువు పోయింది. 1978లో పాముల పార్కు విటేకర్ వాళ్ళతో కలిసి సంఘం పెట్టించాడు. పామును చంపకుండా పట్టుకొస్తారు. మట్టికుండలో వేసి, మూతికి గుడ్డకట్టి ఉంచుతారు. కొన్ని వారాల్లో నాలుగుసార్లు విషం తీసి, కడుపు పొలుసు మీద గుర్తుపెట్టి, మళ్ళీ బయట వదిలేస్తారు. ఆ విషంతోనే పాముకాటుకు మందు తయారవుతుంది. మా పల్లెలో చనిపోయినవాళ్ళ పేర్లు నాయన చెప్పబోయాడే, అలాంటివాళ్ళను బతికించే మందు. 2023లో ఆ ఇరుళర్లలో ఇద్దరికి, వడివేల్ గోపాల్, మాసి సడయ్యన్‌లకు పద్మశ్రీ వచ్చిందని వార్త చూసినప్పుడు నేను ఇంట్లో ఒక్కణ్ణే ఉన్నాను, చప్పట్లు కొట్టాను.

దత్తాత్రి తీసిన సైలెంట్ వ్యాలీ సినిమా నేను ఒక కాలేజీ హాల్లో చూశాను. ప్రొజెక్టరు హాలు వెనకే బల్లమీద పెట్టి వేశారు. కేరళ పాలక్కాడ్ జిల్లాలో కుంతిపుళ నది మీద డ్యాము కడతామంటే ఏళ్ళకేళ్ళు జనం పోరాడి ఆపిన అడవి అది, 1984లో జాతీయ పార్కు అయింది. డ్యాము వద్దని జనం అరిచారు కానీ, మునిగిపోయేదేమిటో ఆ జనంలో ఎందరు కళ్ళతో చూసి ఉంటారు? ఈ సినిమా అది చూపించింది. సింహంతోక కోతి, నల్లటి ఒళ్ళు, ముఖం చుట్టూ బూడిదరంగు జూలు, నేలకు పెద్దగా దిగకుండా చెట్ల నెత్తిమీదే బతికే జీవి. నేను మాత్రం అందరిలా కోతిని చూడటం లేదు. జలగలు, ఎడతెగని వాన, లెన్సు లోపల పట్టే బూజు, నల్లసంచిలో చేతులు, అవన్నీ నాకు ఆ ఫ్రేముల వెనక కనబడుతున్నాయి. ఒక్కో షాటు ఎన్నిరోజులదో మనసులో లెక్క వేసుకుంటూ కూర్చున్నాను. దీపాలు వేశాక పక్కసీటాయన "బాగుంది, కొంచెం స్లోగా ఉంది" అన్నాడు. నాకు ఏం చెప్పాలో తెలియలేదు.

తర్వాతి పదేళ్ళు ఆయన విదేశీ ఛానెళ్ళకు తీశాడు. నాగరహొళె మీద తీసిన సినిమాలో రేచుకుక్కల గుంపును మా ఇంట్లో కేబుల్ టీవీలో చూశాం. ఉత్తరాదిన బేడీ సోదరులు, మైక్ పాండే ఇదే పనిలో పేరు తెచ్చుకున్నారు. గుజరాత్ తీరంలో తిమింగల సొరచేపల వేట మీద పాండే తీసిన సినిమా చూశాక నాకు రెండురోజులు చేపల కూర దిగలేదు. దానికి 2000లో గ్రీన్ ఆస్కార్ అనే పాండా అవార్డు వచ్చింది. మరుసటి ఏడే ప్రభుత్వం ఆ చేపను పులికి, ఏనుగుకు ఇచ్చే రక్షణ జాబితాలో చేర్చింది. అందమైన బొమ్మలకు చప్పట్లు రావడం నేను చూశాను కానీ, సినిమా పోయి చట్టాన్ని కదిలించడం అప్పుడే విన్నాను.

దత్తాత్రి కూడా సరిగ్గా ఆ రోజుల్లోనే దారి మార్చుకున్నాడు. ఛానెళ్ళకు తియ్యడం మానేసి, నిర్ణయాలు తీసుకునేవాళ్ళ బల్లమీద పెట్టే చిన్నచిన్న సినిమాలు మొదలుపెట్టాడు. ఒడిశా తీరంలో ట్రాలర్ల వలల్లో చిక్కి చచ్చే ఆలివ్ రిడ్లీ తాబేళ్ళ మీద ఒకటి. పులుల మీద ఒకటి. 2004లో ఆయనకు రోలెక్స్ అవార్డు వచ్చింది. పేరు, డబ్బు, ప్రపంచమంతా చూసే ఛానెలు వదులుకుని, వందమంది చూసినా చాలనుకునే పన్నెండు నిమిషాల సినిమాకు రావడం చిన్న విషయం కాదు. నేను సినిమావాళ్ళ మధ్య బతికినవాణ్ణి. తన షాటు ఒక్కటి కత్తిరిస్తే అన్నం మానేసిన కెమెరామెన్లు నాకు తెలుసు.

ఆ పన్నెండు నిమిషాల సినిమా కుద్రేముఖ్ గనిది. 2001లో తీశాడు. కర్ణాటకలో పడమటి కనుమల్లో గుర్రం ముఖంలా కనబడే కొండ, అందుకే ఆ పేరు. దేశంలోనే గట్టి వానలు పడే చోట, జాతీయ పార్కు నడుమ, 1980 నుంచి కొండను పైనుంచి తవ్వి ఇనుపఖనిజం తీస్తూ వచ్చారు. ఖనిజాన్ని నీళ్ళతో కలిపి పైపుల్లో మంగళూరు పంపేవాళ్ళు. వాన కురిస్తే తవ్విన కొండ మట్టి భద్రానదిలోకి కొట్టుకొచ్చేది. అక్కడి పర్యావరణ కార్యకర్తలు సుప్రీంకోర్టుకు వెళ్ళారు. ఆ పోరాటంలో ఈ సినిమా ఒక ఆయుధమైంది. 2002లో కోర్టు గనిని మూసెయ్యమంది. 2005 డిసెంబరు 31తో తవ్వకం ఆగిపోయింది.

నేను చెప్పబోయేది ఆ తీర్పు రాకముందు సంగతి. 2002 ఎండాకాలం. మా నెల్లూరు తమ్ముడు అప్పటికి సొంతంగా వీడియోలో పనిచేస్తున్నాడు. సాయంత్రం ఇంటికొచ్చి ఒక సీడీ చేతిలో పెట్టి, "అన్నా, ఇది మీ నాయనకు చూపించు" అన్నాడు. నాకెందుకో అర్థం కాలేదు.

నాయన రిటైరై ఏడేళ్ళయింది. కంటిచూపు తగ్గింది, టీవీకి దగ్గరగా కుర్చీ వేసుకుని కూర్చునేవాడు. సినిమాలు చూసేవాడు కాదు, ప్రింటు బాగోలేదని లేచిపోయేవాడు. నేను సీడీ వేశాను. పచ్చటి కొండలు వచ్చాయి. గడ్డి, పొగమంచు, లోయల్లో చిక్కటి అడవి. తర్వాత కొండ కోసేసినట్టు ఎర్రగా, మెట్లుమెట్లుగా. తర్వాత వాన. వానలో నది. నీళ్ళు కాదు అవి, ఇటుక కలిపిన బురద.

"ఇది యాడరా?" అన్నాడు నాయన.

"కర్ణాటక, నాయనా. భద్రా నది."

కాసేపు ఏం మాట్లాడలేదు. "భద్రంటే, కూడ్లి కాడ తుంగతో కలిసేదేనా?"

"అదే."

ఆయన కుర్చీ ఇంకొంచెం ముందుకు జరుపుకున్నాడు. కూడ్లి దగ్గర తుంగా, భద్రా కలిసి తుంగభద్ర అవుతుంది. హోస్పేట డ్యాము దాటి, మంత్రాలయం దాటి, సుంకేసుల ఆనకట్ట దగ్గర మా పల్లె పక్కనే పారుతుంది. అక్కడినుంచే కేసీ కాలువ మొదలు. చిన్నప్పుడు నాయన ఈత నేర్చింది ఆ నీళ్ళలోనే. ఆ నీళ్ళు చాలకనే మద్రాసు బండెక్కింది. హోస్పేట డ్యాము కట్టినప్పుడు 133 టీఎంసీలు పట్టేదని, పూడిక పెరిగి ఇప్పుడు 105 దగ్గరికి దిగిందని సీమలో ఏ రైతునడిగినా చెబుతాడు. ఆ పూడికంతా ఈ ఒక్క గనిదే అని నేను అనను. కానీ పూడిక అనేది నోటిమాటగా విన్నవాడికి, అది పుట్టేచోట నిలబడి వానలో కెమెరా పట్టుకుని చూపించినవాడు దత్తాత్రే.

"అయితే ఇవి మన నీళ్ళే కదరా" అన్నాడు నాయన.

పన్నెండు నిమిషాలు అయిపోయాయి. తెర నీలంగా మారింది. అమ్మ వంటింట్లోంచి అన్నానికి పిలిచింది. నాయన కదల్లేదు. ఆయన కుడిచెయ్యి మోకాలి మీద మెల్లగా గుండ్రంగా తిరుగుతోంది, ల్యాబులో రివైండరు పిడి తిప్పేటప్పుడు తిరిగినట్టే.

"ఆ నది షాటు తీసినాయప్ప వానలో ఎంతసేపు నిలబడినాడో" అన్నాడు. "లెన్సు మీద ఒక్క చుక్క లేదు, చూసినావా?"

"చూశాను నాయనా."

"ఇంకోసారి వెయ్."